ఎనభై ఎనిమిదో పేజీ

గాలి: పన్నెండు రోజులు

పొద్దున లేచి మొహం కడుక్కుని, నా గది తలుపు లోపలి నుంచి మూడుసార్లు తట్టాను. వరండాలో మస్తాన్ బాబాయి దగ్గాడు. అప్పుడు తలుపు తీసుకుని బయటికి వచ్చాను. ఆరేళ్ళుగా ఇదే వరస. ఆయన ఎందుకు దగ్గుతాడని నేను అడగలేదు, నేను ఎందుకు తడతానని ఆయన అడగలేదు. పక్కపక్క గదుల్లో బతికేవాళ్ళకి ఆ మాత్రం మర్యాద ఉండాలి.

మా ఇద్దరి ఉద్యోగం ఒకటే. పైన ఊపిరాడదు కనక మేం కాపురముండే రెండో గనిలో, మూడో సొరంగం చివర 'విడిచొచ్చినవాళ్ళ గది' అని ఒక పుస్తకాల గది ఉంది. నాలుగో గనిలోని ఆనతి మతాన్ని వదిలి బయటపడ్డవాళ్ళు రాసిన పుస్తకాలు అందులో ముప్ఫై ఒకటి ఉన్నాయి. దీపాల కింద పెంచే గోంగూరలో కూరకి పోగా మిగిలిన కాడల నారతో కాగితం చేస్తారు. గంజి కాచి అట్టలు అతికేది నేను, వెన్ను కుట్టేది మస్తాన్ బాబాయి. ఆయన ఇరవై ఏళ్ళ కిందట విడిచొచ్చాడు, నేను ఆరేళ్ళ కిందట. పైపుల సందుల్లోంచి ఎర్ర దుమ్ము వచ్చి అలమరాల మీద పడుతూనే ఉంటుంది. పొద్దున్న తుడిస్తే సాయంత్రానికి మళ్ళీ మొదటికొస్తుంది.

అందరూ అడిగేది నా పుస్తకాన్నే. 'నా కాళ్ళు నావే' దాని పేరు. ఏడో అధ్యాయాన్ని బడిలో పాఠంగా కూడా పెట్టారు. పిల్లలు వచ్చి సంతకం అడిగితే నేను తల దించుకుంటాను. ఎంత అణకువో అంటారు చూసినవాళ్ళు. అది అణకువ కాదు. ఏమిటో రాయడానికే ఈ నోటుబుక్కు మొదలుపెట్టాను, ఇవాళ మాత్రం ధైర్యం చాలడం లేదు.

మధ్యాహ్నం ప్రభుదాసు గారు వచ్చారు. గనుల రక్షణ ఆఫీసరు. కూర్చోమన్నా కూర్చోలేదు.

"నాలుగో గనిలో గాలి మిషను పోయిందండి. బాగుచేసే వీల్లేదు. పన్నెండు రోజులకి మించి గాలి రాదు. లోపల నూట అరవై నాలుగు మంది ఉన్నారు. కబురు పంపాం, బళ్ళు పంపాం. ఒక్కళ్ళంటే ఒక్కళ్ళు కదల్లా."

"తలుపులు వేసుకున్నారా?"

"అదే కదండీ విచిత్రం. ఒక్క తలుపుకీ గడియ లేదు."

విచిత్రమేమీ కాదు. అక్కడ గడియలు ఎప్పుడూ లేవు. ఏ గుమ్మం దాటాలన్నా ముందు లోపలి నుంచి మూడుసార్లు తట్టాలి. అవతలి వైపు గోడకి బిగించిన పెట్టెలోంచి పెద్దయ్య గొంతు మనల్ని పేరు పెట్టి పిలిచి "ఆనతి. దాటు" అనాలి. అంటేనే కాలు కదపాలి. మతం పెట్టిన పెద్దయ్య పోయి పదేళ్ళు దాటింది. గొంతు మాత్రం మిషన్లో ఉండి అందరికీ జవాబులు చెబుతూనే ఉంది. చేరేటప్పుడు ఒట్టు పెట్టుకుంటాం, ఆనతి లేకుండా గుమ్మం దాటనని. గడియలు వాళ్ళకెందుకు?

బలవంతంగా ఈడ్చుకురావడం కుదరదు. అలాంటిదే ఇంకో గుంపుని అయిదో గనిలోంచి లాగబోతే, తోపులాటలో గాలి తలుపు విరిగి ఇరవై మంది పోయారు. ఆ తరవాత ఎవరినీ ఈడ్చకూడదని చట్టం చేశారు.

ప్రభుదాసు గారు సంచిలోంచి నా పుస్తకం తీశారు. ఏడో అధ్యాయంలో, ఎనభై ఎనిమిదో పేజీ దగ్గర గుర్తు పెట్టుకుని తెచ్చారు. పైకి చదివారు.

"ఆ పూట గొంతు ఆగిపోయింది. ఆ నిశ్శబ్దంలో నా కాళ్ళు నావని మొదటిసారి తెలిసింది. ఎవరినీ అడగలేదు. తలుపు తోసుకుని నడిచాను."

పుస్తకం మూసి నా మొహంలోకి చూశారు. "గొంతు వైరు కత్తిరించేస్తే వాళ్ళూ మీలాగే నడిచొస్తారంటారా, మేడమ్?"

పుస్తకం కుడుతున్న మస్తాన్ బాబాయి సూది ఆపాడు. నేను ఆయన వైపు చూడలేదు.

"వస్తారండీ," అన్నాను.

నాలుగో గనిలో నా చెల్లెలు కస్తూరి ఉంది.

గాలి: పది రోజులు

నిన్న వైరు కత్తిరించారు. వైరు తెగగానే మిషన్లో గొంతు తుడిచిపెట్టుకుపోయిందట, మళ్ళీ రమ్మన్నా రాదట. మంచి పని అన్నారు అందరూ. నేనూ అన్నాను.

ఇవాళంతా కస్తూరి కోసం ఇల్లు సర్దాను. ఇల్లంటే గదే. రెండో మంచం అడిగి తెచ్చి వేశాను. గోంగూర పచ్చడి నూరాను, దానికి పచ్చిమిరపకాయ ఎక్కువ వేస్తే ఇష్టం. దువ్వెన కొత్తది పెట్టాను. మళ్ళీ తీసి దాచాను, ఇంత ఆర్భాటం చూస్తే నవ్వుతుందేమోనని. తప్పు చేసినవాళ్ళం ఇలాగే అతి మర్యాదలు చేస్తాం.

సాయంత్రం బళ్ళు తిరిగొచ్చాయి. పన్నెండు బళ్ళు, పన్నెండూ ఖాళీ.

"ఒక్కరోజు ఆగండి," అన్నాను ప్రభుదాసు గారితో. "అలవాటు పడాలి కదా."

గాలి: తొమ్మిది రోజులు

ఆఫీసుకి పిలిపించారు. పైపుల్లోంచి కెమెరా దించి లోపలి బొమ్మలు చూపించారు.

వాళ్ళు కూర్చుని లేరు, గుమిగూడి లేరు, భజనలు చెయ్యడం లేదు. గొంతు ఆగినప్పుడు ఎవరు ఎక్కడ ఉన్నారో అక్కడే ఉన్నారు, గుమ్మాల దగ్గర నిలబడి తడుతున్నారు. మూడుసార్లు తట్టడం, ఆగడం, చెవి ఒగ్గి వినడం, మళ్ళీ తట్టడం.

వంటశాలకి అసలు తలుపే లేదు, ఒట్టి చట్రం. వంట చేసే దుర్గాంబ అక్కడ ఉంది. ఆమె తోడికోడలు అవతల నీళ్ళ గదిలో ఉంది. ఒకరి దగ్గర అన్నం, ఇంకొకరి దగ్గర నీళ్ళు, మధ్య నాలుగడుగులు. గుమ్మంలోంచి చెయ్యి చాచినా దాటినట్టే, అందుకని చెంబు కూడా అందించుకోలేరు. ఒకరి మొహం ఒకరు చూసుకుంటూ ఇద్దరూ చెరో చట్రం తడుతున్నారు. దుర్గాంబ పెదవులు కదలడం నాకు కనిపించింది. 'ఆనతి' అనబోయి మింగేసింది.

ఆ భయం నాకు తెలుసు. గొంతుకి బదులు మనిషి ఆనతి ఇస్తే దాన్ని దొంగ ఆనతి అంటారు. పాపం ఇచ్చినవాళ్ళది, పుచ్చుకున్నవాళ్ళది కాదు. ఇచ్చినవాళ్ళకి ఇక ఈ జన్మలో జవాబు ఉండదు. ఎంత తట్టినా గొంతు పలకదు. అలాంటివాళ్ళని గని అట్టడుగున మూగ వరస అని ఆరు గదులున్న చోట ఉంచుతారు. తలుపు తెరిచే ఉంటుంది. వాళ్ళు మాత్రం ఆ గది దాటరు. అన్నం, కుండతో నీళ్ళు ఎవరో ఆనతి తీసుకుని తెచ్చి గుమ్మం లోపల పెడతారు.

ఇప్పుడు తెచ్చేవాళ్ళు ఎక్కడివాళ్ళక్కడ ఆగిపోయారు.

కస్తూరి మూగ వరసలో ఉంది. మూడేళ్ళ కిందట బయటపడిన ఒకామె చెప్పింది. ఆ సంగతి తన పుస్తకంలో రాయొద్దని ఆమెని బతిమాలుకున్నది నేనే.

గాలి: ఎనిమిది రోజులు

ప్రభుదాసు గారు లౌడ్‌స్పీకరు పెట్టించి "ఆనతి, దాటండి" అని అందరికీ కలిపి చెప్పించారు. ఎవరూ కదల్లేదు. పట్టు వదలని మనిషి, తానే మాస్కు వేసుకుని లోపలికి వెళ్ళారు. సామాన్ల గది గుమ్మం అవతల నిలబడి, చుట్టాలిచ్చిన జాబితాలోంచి ఒక్కొక్క పేరూ పిలిచి ఆనతి ఇచ్చారు. లోపల ఉన్న ముసలమ్మ ఒకామె ఆయన్ని చూసి జాలిపడిందట.

"నువ్వు ఒట్టేసుకున్నోడివి కాదు నాయనా. నీకు పాపం అంటదు. అంటని పాపానికి బరువేముంటది? ఎళ్ళిపో, నీ గాలి దండగ."

ఆయన వచ్చి ఆ మాట నాకు చెప్పి, మాస్కు తీసి బల్ల మీద పెట్టారు. తరవాత నెమ్మదిగా అడిగారు.

"మేడమ్, ఏమీ అనుకోబాకండి. మీరొచ్చేసిన రోజు మీరు కూడా తలుపు తట్టారా?"

"లేదండీ. పుస్తకంలో రాశాను కదా."

తేలు కుట్టిన దొంగలాగా కూర్చున్నాను. ఆయన నమ్మారు. నూట అరవై నాలుగు మంది ప్రాణాలు ఒక పక్క, నా పేరు ఒక పక్క. నేను నా పేరు వైపు మొగ్గాను. ఇది రాస్తుంటే నా చెయ్యి నాకే అసహ్యంగా ఉంది.

గాలి: ఏడు రోజులు

సామాన్ల గదిలో వీరరాఘవులు గారు పోయారు. ఆ గదిలో ఉన్న ఒక్క చెంబు నీళ్ళూ ముసలమ్మకే వదిలేశారట, రక్షణవాళ్ళు తెచ్చినవి ఒట్టు లేనివాళ్ళ చేతి నీళ్ళని ముట్టలేదట. నాకు అక్కడ లెక్కలు నేర్పింది ఆయనే, తప్పు చేస్తే చెవి మెలిపెట్టి వెంటనే బెల్లం ముక్క పెట్టేవారు. గుమ్మానికి ఆనుకుని, తట్టడానికి ఎత్తిన చెయ్యి ఒళ్ళో పడి ఉండగా పోయారట. గుమ్మానికవతల జానెడు దూరంలో నీళ్ళ కుళాయి ఉంది.

నేను చంపాను ఆయన్ని. వైరు కత్తిరించమన్న నోరు నాది.

పుస్తకాల గదిలో గంజి మాడిపోతున్నా చూసుకోలేదు. మస్తాన్ బాబాయి వచ్చి పొయ్యి ఆర్పాడు. అప్పుడు చెప్పేశాను. ఆరేళ్ళుగా దాచిందంతా ఒక్కసారిగా వచ్చింది.

ఆ పూట గుమ్మాల పెట్టెలకి కరెంటు పోయి సాయంత్రం దాకా గొంతు ఆగింది నిజమే. నేను బయటి గేటుకి ముందున్న చీపుళ్ళ గదిలో ఉన్నాను. కస్తూరి అవతల నడవా ఊడుస్తోంది. నేను తట్టాను. ఒకసారి కాదు, పొద్దుటి నుంచి మధ్యాహ్నం దాకా తట్టాను. వేళ్ళ కణుపులు చిట్లాయి. పిచ్చెక్కినట్టు ఏడ్చాను. అప్పుడు తలుపు అవతల నుంచి మాట వినిపించింది. "హైమా, ఆనతి. దాటు." పెద్దయ్య గొంతు కాదు. నా చెల్లెలి గొంతు. నాకది స్పష్టంగా తెలుసు. తెలిసే దాటాను.

నడవాలో కస్తూరి చీపురు పట్టుకుని నిలబడి ఉంది. "అక్కా, నువ్వు బయటి గేటు కూడా దాటి, అవతల నుంచి నాకు చెప్పు. నేనూ వస్తా," అంది. గేటు అవతల ఎవరూ లేక, చెల్లదని తెలిసీ నన్ను బయటికి పంపే ఆనతి కూడా పక్కనుంచి తనే ఇచ్చింది. నేను గేటు దాటాను. నా వెనక మూడుసార్లు చప్పుడైంది.

నేను జవాబు చెప్పలేదు.

చెబితే ఆ పాపం నాకు చుట్టుకుంటుంది, ఇక నాకు ఎక్కడా జవాబు ఉండదు. మతాన్ని వదిలి వెళ్ళిపోతున్న మనిషిని, అయినా ఆ భయమే నా నోరు నొక్కింది. రెండోసారి చప్పుడైంది. మూడోసారి కూడా విన్నాను. బళ్ళు ఆగే సొరంగం వెంట పరిగెత్తాను. ఎనభై ఎనిమిదో పేజీలో 'తలుపు తోసుకుని నడిచాను' అని ఉన్న చోట ఉండాల్సింది ఇదీ.

మస్తాన్ బాబాయి చేతులు తుడుచుకున్నాడు. లేచి వెళ్ళి అలమరాలోంచి తన పుస్తకం తీసుకొచ్చాడు. ఇరవై ఏళ్ళ నాటిది, అంచులు మాసిపోయాయి.

"దీంట్లో నేనేం రాశానో తెలుసా అమ్మాయ్? రాత్రంతా ఆలోచించి, తెల్లారి గుండె రాయి చేసుకుని బయటికొచ్చానని. ఏడ రాయి? మా ఇంటిది ఖాజాబీ చెప్పింది నాకు ఆనతి. నేను దాటినంక తనకి చెప్పాలని తోచనే లేదు. ఏడేళ్ళు ఆ మూగ వరసలో ఉండి పోయింది."

"మరి మీరెప్పుడూ..."

"నువ్వు చెప్పావా?" అన్నాడు. కోపం లేదు ఆయన మాటలో. "ముప్ఫై ఒక్క పుస్తకాలు కుట్టా. ఒక్కదాంట్లోనూ తలుపు చప్పుడు లేదు. అందరం మగధీరులమే కాగితం మీద. నువ్వు పొద్దున్నే తడితే నేనెందుకు దగ్గుతాననుకున్నావు? ఆనతి అనే మాట నోటికి రాక దగ్గుతా."

ఇద్దరం ఆ మాడిన గంజి ముందు కూర్చుని ఏడ్చాం. ఏడుపులో కూడా నాకు ఒక సంగతి తట్టింది. ఒట్టు వేసుకున్నవాళ్ళయితే పాపం అంటుకుంటుంది. అంటుకుంటే ఆ ఆనతికి బరువుంటుంది.

మేమిద్దరం ఒట్టు వేసుకున్నవాళ్ళమే.

గాలి: ఆరు రోజులు

ప్రభుదాసు గారితో చెప్పాను. ఆయన కోప్పడతారనుకున్నాను. కోప్పడి ఉంటే బాగుండేది.

"రెండుసార్లు అడిగానండీ మిమ్మల్ని," అన్నారు అంతే. తరవాత బండి సిద్ధం చెయ్యమన్నారు.

బయలుదేరే ముందు ఆయన ముందే ఎనభై ఎనిమిదో పేజీ చింపబోయాను. ఆయన చెయ్యి పట్టుకుని ఆపారు. "ఇప్పుడు చింపితే ఏమొస్తది మేడమ్? చేతులు కాలినాక ఆకులు పట్టుకున్నట్టు. ముందు మనుషుల్ని తేండి. తరవాత చింపుకోండి."

బండిలో సగం రోజు ప్రయాణం. కిటికీలోంచి ఎర్ర నేల తప్ప ఏమీ లేదు. మస్తాన్ బాబాయి దారంతా పెదవుల్లో ఏదో గొణుక్కుంటున్నాడు. ప్రార్థన అనుకున్నాను. చెవి పెడితే వినిపించింది. "ఆనతి. దాటు. ఆనతి. దాటు." నాలుకకి అలవాటు చేస్తున్నాడు.

గాలి: అయిదు రోజులు

ఇవాళ జరిగింది జరిగినట్టు రాస్తాను. 

గాలి లెక్క గని మొత్తానికి. చెడు గాలి బరువు, ముందు అడుగుకి దిగుతుంది. పైన ఇంకా ఊపిరాడుతోంది గానీ కింద మూగ వరసలో రెండు రోజుల నుంచే గాలి పాడైందని రక్షణవాళ్ళు చెప్పారు. నేను ముందు అక్కడికే పరిగెత్తబోయాను. దారిలో ప్రతి గుమ్మం ముందూ జనం అడ్డంగా నిలబడి ఉన్నారు. వాళ్ళని దాటిస్తేనే దారి. తలా నాలుగు గంటల గాలి ఉన్న మాస్కులిచ్చారు. మాస్కులో మాట సరిగ్గా వినిపించదు, మనిషి గొంతు గుర్తుపట్టాలి కదా. తీసి మాట్లాడి మళ్ళీ పెట్టుకోవాలి.

మస్తాన్ బాబాయి బయటి గేటు దగ్గర నిలబడ్డాడు. నేను లోపలి గుమ్మాల దగ్గర. మొదటి గుమ్మం సామాన్ల గదిది. అవతల ఆ ముసలమ్మే ఉంది. తట్టింది. నేను నోరు తెరిచాను, మాట రాలేదు. ఆరేళ్ళు పుస్తకం పట్టుకుని ఊరేగాను, ఆ మతమంతా బూటకమని వంద సభల్లో చెప్పాను. అక్కడ ఆ గుమ్మం ముందు ఒక అడుగు వెనక్కి వేశాను. ఇది అంటే ఇక నాకు జవాబు ఉండదు అని నా లోపల ఎవరో అరుస్తున్నారు.

ఆమె మళ్ళీ తట్టింది. ఆమె వెనక వీరరాఘవులు గారి శవం మీద దుప్పటి కప్పి ఉంది.

"ఆదెమ్మత్తా, ఆనతి. దాటు," అన్నాను.

ఆమె నా మొహం తేరిపార చూసింది. "నువ్వు హైమవి కదే? పారిపోయినదానివి. ఈ పాపం నీకెందుకే తల్లీ?"

"నాకు కావాలి అత్తా. దాటు."

ముసలమ్మ కాలు ఎత్తి గుమ్మం ఇవతల పెట్టింది. కుళాయి దగ్గరికి వెళ్ళి పడిపోయి తాగింది.

ఆ తరవాత ఎన్నిసార్లు అన్నానో తెలియదు. ఒక్కొక్కరికీ మూడు నాలుగు గుమ్మాలు. పేర్లు మరిచిపోయిన చోట వాళ్ళే చెప్పుకున్నారు. దుర్గాంబ దాటి వచ్చి ముందు తోడికోడల్ని కౌగిలించుకుంది, తరవాత నా కాళ్ళ మీద పడబోయింది. కొందరు నా మొహం మీద ఉమ్మారు, ఉమ్మి దాటారు. పాపం నాదే కదా, వాళ్ళకేం. గొంతు బొంగురుపోయింది. పైనుంచి మస్తాన్ బాబాయి గొంతు గొలుసుకట్టుగా వినిపిస్తూనే ఉంది. ఒకచోట ఆయన మాట ఆగింది. పేరు అడిగితే ఎవరో ఖాజాబీ అన్నారట, వేరే ఖాజాబీ. ఖాజాబీ, ఆనతి, దాటమ్మా అన్నాడు.

నూట అరవై రెండు మంది గేటు దాటారు. వీరరాఘవులు గారు పోగా మిగిలింది ఒక్కతే. నా మాస్కులో గాలి ముల్లు ఎర్ర గీత మీద ఉంది. ప్రభుదాసు గారు ఇంకో మాస్కు ఇచ్చి, "మిగిలింది ఇదొక్కటే, మీ చెల్లెలికి. మీది అరగంట కూడా రాదు. నిచ్చెన నలభై మెట్లు, ఎవళ్ళ కాళ్ళతో వాళ్ళే ఎక్కాల. పోయి రండి," అన్నారు. మస్తాన్ బాబాయి తన మాస్కులో మిగిలిన గాలి నాకు ఇవ్వబోయాడు. అందులో ఏమీ లేదు పాపం.

మూగ వరసలో అయిదు గదులు ఖాళీ. ఆరోదాని తలుపు ఓరగా వేసి ఉంది. సందులోంచి కంచం కనిపించింది, ఖాళీగా, ఎండిపోయి.

నేను అవతల నిలబడ్డాను. చప్పుడు లేదు. తట్టకుండా ఆనతి చెల్లదు. "కస్తూరీ," అన్నాను. "తట్టవే. నేను చెప్తాను."

లోపల ఊపిరి వినిపించింది.

"అక్కా?"

తోసి చూశాను. గోడకి జారగిలబడి కూర్చుంది. జుట్టు సగం నెరిసింది. నాకంటే నాలుగేళ్ళు చిన్నది. మాస్కు తొడిగాను, అడ్డు చెప్పలేదు. చెయ్యి పట్టుకుని లాగితే మాత్రం గుమ్మం దగ్గర బండలాగా బిగుసుకుపోయింది.

"తట్టు కస్తూరీ. మూడే మూడుసార్లు. అందరూ వెళ్ళిపోయారు."

"తట్టను."

"ఎందుకే? నా మీద కోపమా? తిట్టు, కొట్టు. బయటికొచ్చి కొట్టు."

"కోపం మొదటి ఏడాది ఉండేది. నేను తడితే నువ్వు చెప్తావు. చెప్తే ఇక నీకు జవాబుండదు అక్కా. ఇది నేను చూశా. నీకొద్దు."

"నేను ఇవాళ ఊరందరికీ చెప్పానే! నా పుణ్యం గంగలో కలిసింది ఎప్పుడో."

"అది వాళ్ళకి. నా మూలంగా మాత్రం వద్దు." మొండి ఘటం, చిన్నప్పటి నుంచీ ఇంతే. "నువ్వు పో. నీ ముల్లు చూసుకో."

చూశాను. ఎర్ర గీత దాటింది. ఏడ్చాను, కాళ్ళు పట్టుకున్నాను, అమ్మ పేరు ఎత్తాను. తల అడ్డంగా ఊపుతూనే ఉంది. నా చెల్లెలు తన కోసం అడుగు కూడా వెయ్యదు. ఇంకొకరి కోసమయితే వేస్తుంది. ఆ సంగతి ఈ లోకంలో నా ఒక్కదానికే తెలుసు, నా కోసమే వేసింది కాబట్టి.

లోపలికి వెళ్ళాను. ఆమె పక్కన కూర్చుని తలుపు మూశాను. ఆ తరవాత చెయ్యి ఎత్తి, ఆ తలుపుని లోపలి నుంచి మూడుసార్లు తట్టాను.

"ఏం చేస్తన్నావక్కా?"

"కనిపించడం లేదా? ఆనతి కోసం తడుతున్నాను. నేనూ ఒట్టు వేసుకున్నదాన్నే. ఆనతి లేకుండా దాటను."

"నీకు పిచ్చి పట్టిందా? ఎవరు చెప్తారు? అవతల ఎవరున్నారు?"

"ఎవరూ లేరు," అన్నాను. మళ్ళీ తట్టాను.

పక్కనుంచి చెబితే చెల్లదు. జవాబు అవతలి నుంచే రావాలి. అది తనకీ తెలుసు. నా మాస్కులో గాలి అయిపోయింది, తీసి పక్కన పడేశాను. ఆ గాలికి కొలిమి వాసన ఉంది. కస్తూరి తన మాస్కు నా మొహానికి పెట్టబోయింది, తోసేశాను. మళ్ళీ తట్టాను. మూడో విడతకి చెయ్యి సరిగ్గా లేవలేదు. కళ్ళ ముందు నల్ల మచ్చలు కదులుతున్నాయి. నిజంగా చచ్చిపోతానని తెలిసింది. భయమేసింది, చాలా భయమేసింది. అయినా ఆ చప్పుడు ఎలా ఉంటుందో ఆ రోజు గేటు అవతల నేను విని పారిపోయాను, ఇప్పుడు నేనే చెయ్యాలి కదా.

"అక్కా, వద్దు. అక్కా!"

తలుపు కిర్రుమంది. పక్కన చోటు ఖాళీ అయింది. అవతల నేల మీద వట్టి పాదాల చప్పుడు, రెండడుగులు. ఆరేళ్ళలో మొదటి రెండడుగులు. తలుపు మళ్ళీ మూసుకుంది, పద్ధతి ప్రకారం.

"హైమా," అంది నా చెల్లెలు అవతల నుంచి, ఏడుస్తూ, కోపంగా. "ఆనతి. దాటు. తొందరగా దాటవే!"

గాలి: లెక్క లేదు

పుస్తకాల గదిలోనే మంచాలు వేశాం, ఊరంతా ఇప్పుడు ఇరుకు. కొత్తగా వచ్చినవాళ్ళు ప్రతి గుమ్మం దగ్గరా తడుతున్నారు. మస్తాన్ బాబాయి తిరిగి తిరిగి జవాబులు చెబుతున్నాడు, దగ్గడం మానేశాడు. ప్రభుదాసు గారు కూడా చెబుతున్నారు. ఆయన మాటకి బరువు లేకపోయినా కొందరు మొహమాటానికి దాటుతున్నారట.

కస్తూరి పచ్చడి తిని, కారం చాల్లేదంది.

ఎనభై ఎనిమిదో పేజీ చింపాను. కొత్త పేజీ రాసి గంజితో అతికించాను. వీరరాఘవులు గారి పేరు రాశాను, ఆయన ఎందుకు పోయారో రాశాను. బడిలో దీన్ని పాఠంగా ఉంచుతారో తీసేస్తారో వాళ్ళ ఇష్టం. మిగిలినదంతా నాలుగు ముక్కలే:

నేను తట్టాను. కస్తూరి చెప్పింది. దాటాను. ఆమె తట్టింది, నేను జవాబు చెప్పలేదు.